వేగం మీద ఆవిరి ఇంజిన్ లాగుడు బలం: కోల్ గుణకాలతో లెక్క తక్కువ వస్తోంది, బదులుగా ఏం వాడాలి?

గూడ్స్ ఇంజిన్లు ఆవిరి నుంచి డీజిల్‌కి, కరెంటుకి మారిన క్రమాన్ని ఒకే గ్రాఫులో గీస్తున్నాను: అడ్డంగా వేగం, నిలువుగా లాగుడు బలం. డీజిల్, ఎలక్ట్రిక్ గీతలు సులువుగానే కుదిరాయి. డీజిల్-ఎలక్ట్రిక్‌కి 308 × హెచ్‌పీ ÷ వేగం (మైళ్లలో) వాడితే తయారీదారు అంకెలకు దగ్గరగానే వస్తోంది. చిక్కంతా ఆవిరి గీతతోనే.

అమెరికాలోని యూనియన్ పసిఫిక్ రైల్వే వాడిన బిగ్ బాయ్ అనే భారీ ఆవిరి ఇంజిన్ తీసుకున్నాను. సిలిండర్లు నాలుగు, ఒక్కోటి 23.75 × 32 అంగుళాలు. చక్రం 68 అంగుళాలు, పీడనం 300 పీఎస్‌ఐ. సిలిండర్‌లో సగటు పీడనం బాయిలర్ పీడనంలో 0.85 వంతు అనుకునే సూత్రంతో బయలుదేరే బలం 1,35,375 పౌండ్లు వచ్చింది, ప్రచురిత అంకె కూడా అదే. కాబట్టి కొలతల్లో తప్పు లేదు.

వేగం పెరిగితే కటాఫ్ (పిస్టన్ ప్రయాణంలో ఆవిరి లోపలికి వచ్చే భాగం) తగ్గించాలి, సిలిండర్‌లో సగటు పీడనం పడిపోతుంది. అందుకని కోల్ వేగ గుణకాలు (పిస్టన్ వేగం పెరిగే కొద్దీ బలం ఎంత వంతుకు తగ్గుతుందో చెప్పేవి) పెట్టాను. పిస్టన్ వేగం నిమిషానికి 1,000 అడుగులు, అంటే గంటకు దాదాపు 38 మైళ్లు. సూపర్‌హీట్ (అదనంగా వేడిచేసిన ఆవిరి) గుణకం 0.445 వేస్తే సిలిండర్ దగ్గరే సుమారు 6,090 హెచ్‌పీ వస్తోంది. కానీ 1943 పరీక్షల్లో 41 మైళ్ల దగ్గర డ్రాబార్ (వెనక బోగీలను లాగే కొక్కెం) మీదే దాదాపు 6,290 కొలిచారు! ఇంజిన్, టెండర్ (బొగ్గు, నీళ్లు మోసే బండి) సొంత నిరోధం కలిపితే తేడా ఇంకా పెద్దది. గుణకాన్ని ఊరికే పెంచి చూశాను, ఒక వేగం దగ్గర కుదిరితే మరో చోట గీత వంకర పోతోంది.

పెద్ద వాల్వులు, వెడల్పాటి ఆవిరి దారులు ఉన్న 1925 తర్వాతి ఇంజిన్లకు, 10 నుంచి 60 మైళ్ల దాకా సరిపడే సగటు పీడనాన్ని ఏ పద్ధతిలో లెక్కకట్టాలి?