సెవెన్ సమురాయ్ నిర్మాత సోజిరో మోటోకి ఆ తర్వాత ఏమయ్యాడు?

పాతరీలు:
జపాన్ దర్శకుడు అకిరా కురొసావా సినిమాలు వరసపెట్టి చూస్తున్నాను. ‘స్ట్రే డాగ్’ (1949), ‘ఇకిరు’ (1952), ‘సెవెన్ సమురాయ్’ (1954), ‘థ్రోన్ ఆఫ్ బ్లడ్’ (1957), అన్నిట్లోనూ నిర్మాతల్లో సోజిరో మోటోకి పేరు ఉంది, ఆ తర్వాత ఒక్కసారిగా కనబడదు. ఆయన సినిమాల హీరో తోషిరో మిఫునే గురించి అంత రాస్తారే, ఈ మోటోకి గురించి ఎవరూ ఎత్తరేం? పెట్టిన డబ్బు ఈయనదేనా? తెలిసినవాళ్లు చెప్పండి.

రెండో ఆట:
డబ్బు ఆయనది కాదండి. నిర్మాత అనగానే మనకి అప్పుచేసి సినిమా తీసే మనిషి గుర్తొస్తాడు గానీ, ఈ సినిమాలు తీసిన జపాన్ కంపెనీ తోహోలో నిర్మాత అంటే కంపెనీ తరఫున పనిచేసేవాడు, కథకి పైవాళ్లని ఒప్పించి, బడ్జెట్ సాధించి, దర్శకుడికీ ఆఫీసుకీ మధ్య నలిగిపోయే మనిషి. రెండో ప్రపంచ యుద్ధం అయ్యాక తోహోలో పెద్ద పెద్ద సమ్మెలు జరిగాయి, 1948 ఆగస్టులో స్టూడియో ఖాళీ చేయించడానికి పోలీసులతో పాటు అప్పట్లో జపాన్‌ని ఆక్రమించి ఉన్న అమెరికా సైన్యం ట్యాంకులు కూడా వచ్చాయి. ఆ ఏడాదే కురొసావా, ఆయన గురువు కాజిరో యమమొటో, సెంకిచి తనిగుచి లాంటి దర్శకులతో కలిసి మోటోకి సొంతంగా ఒక సంఘం పెట్టుకుని వేరే కంపెనీలకి సినిమాలు చేశాడు. దైయే కంపెనీకి తీసిన ‘రాషోమోన్’ (1950) వెనక కూడా ఈయన ఉన్నాడు. 1951లో వెనిస్ చిత్రోత్సవంలో గోల్డెన్ లయన్ (అక్కడి అత్యున్నత అవార్డు) వచ్చింది దానికే.

నేలటికెట్:
సెవెన్ సమురాయ్ సంగతి వదిలేశారు! షూటింగ్ దాదాపు ఏడాది సాగింది, ఖర్చు అనుకున్నదానికి ఎన్నో రెట్లయింది, మధ్యలో కంపెనీ ఆపేస్తే కురొసావా చేపలు పట్టుకుంటూ కూర్చున్నాడట, ఇంత పెట్టాక వాళ్లే మళ్లీ పిలుస్తారని ఆయన ధీమా. ఆ ధీమా దర్శకుడికి ఉండొచ్చు, ఆఫీసుకి లెక్క చెప్పుకోవాల్సిన నిర్మాత టెన్షన్ ఊహించుకోండి. నా దృష్టిలో ఆ సినిమా పూర్తవడంలో మోటోకికి రావలసిన పేరు రాలేదు.

రెండో ఆట:
ఒప్పుకుంటాను. తర్వాతి కథే బాధగా ఉంటుంది. డబ్బు వ్యవహారాల్లో చిక్కుకుని 1957 ప్రాంతంలో తోహోకి దూరమయ్యాడు. 1960ల్లో మారుపేర్లతో పింక్ సినిమాలు డైరెక్ట్ చేశాడు, అంటే పెద్దలకు మాత్రమే అని వేసే చవక సినిమాలు, ఒక్కోటి 30 లక్షల యెన్‌లలో చుట్టేసేవాళ్లు. 1977లో టోక్యోలో ఒంటరిగా పోయాడు. డబ్బు దగ్గర తప్పు ఆయనదే అయినా, అంతకుముందు పదేళ్ల పని దాంతో పోదు కదా.

పాతరీలు:
చాలా థాంక్సండి, ఇదంతా నాకు కొత్త. ఆయన నిర్మించినవాటిలో జనం అంతగా మాట్లాడుకోనిది ఏదైనా ఉందా?

నేలటికెట్:
‘ఐ లివ్ ఇన్ ఫియర్’ (1955) చూడండి. అణుబాంబు భయంతో కుటుంబాన్నంతా బ్రెజిల్ తీసుకుపోతానని పట్టుబట్టే ముసలాయన కథ, మిఫునే అప్పటికి ముప్పై అయిదేళ్లవాడు, ముసలి వేషంలో అస్సలు గుర్తుపట్టలేరు.