వెర్హూవెన్ సినిమాల్లో రైటర్ సూటమన్ వాటా ఎంత?

రాత్రిబండి: నిన్న 'బ్లాక్ బుక్' (2006) మళ్ళీ చూశా. ఇన్సులిన్ ఇచ్చి చావుకి వదిలేస్తే ఆ అమ్మాయి చాక్లెట్ గబగబా నోట్లో కుక్కుకుని బాల్కనీ మీంచి దూకేస్తుంది కదా, ఆ సీన్‌కి ఎక్కడ చూసినా డైరెక్టర్ పాల్ వెర్హూవెన్‌కే చప్పట్లు. స్క్రిప్టులో ఆయనతో పాటు గెరార్డ్ సూటమన్ పేరు కూడా ఉంది బాబూ! 1969లో 'ఫ్లోరిస్' టీవీ సీరియల్ నుంచి ఇద్దరూ కలిసే పనిచేశారు. నా లెక్కలో ఆ డచ్ సినిమాలు సగం సూటమన్‌వే.

కొత్తపేట: సగమా? 'టర్కిష్ డిలైట్' (1973) యాన్ వోల్కర్స్ నవల, 'సోల్జర్ ఆఫ్ ఆరెంజ్' (1977) ఒక యుద్ధవీరుడి జ్ఞాపకాలు, 'ది ఫోర్త్ మ్యాన్' (1983) గెరార్డ్ రేవె నవల. కథలన్నీ వేరేవాళ్ళవి, వాటిని తెర మీద మండించింది వెర్హూవెన్. మధ్యలో ఈయనకి సగం ఎలా ఇస్తాం?

రాత్రిబండి: నవల ఉంటే స్క్రీన్‌ప్లే దానంతటదే వచ్చేస్తుందా? 'స్పెటర్స్' (1980) ఏ నవల నుంచీ రాలేదు, దాని మీద నెదర్లాండ్స్‌లో ఎంత గొడవైందో తెలుసుగా. 'ఫ్లెష్ ప్లస్ బ్లడ్' (1985)లో కొంత సరుకు 'ఫ్లోరిస్' కోసం రాసి వాడకుండా వదిలేసిందే.

మూడోవరస: అసలైన పరీక్ష 'ది అసాల్ట్' (1986) అండి. అందులో వెర్హూవెన్ లేడు, డైరెక్టర్ ఫోన్స్ రాడెమాకర్స్. 1945లో నెదర్లాండ్స్‌లోని హార్లెమ్ ఊరి వీధిలో నాజీల తొత్తు ఒకడి శవాన్ని పక్కింటివాళ్ళు ఈడ్చుకొచ్చి ఇంకొకరి గుమ్మం ముందు పడేస్తారు, దాంతో ఆ కుటుంబం నాశనమైపోతుంది. ముల్లిష్ నవలే, కాదనను, కానీ స్క్రీన్‌ప్లే సూటమన్‌ది, ఉత్తమ విదేశీ చిత్రం ఆస్కార్ దానికే వచ్చింది. 'టర్కిష్ డిలైట్' నామినేషన్ దగ్గరే ఆగింది మరి.

కొత్తపేట: సరే, అదే పరీక్ష రెండోవైపు కూడా పెట్టండి. 1987లో 'రోబోకాప్', 1990లో 'టోటల్ రీకాల్', 1992లో 'బేసిక్ ఇన్‌స్టింక్ట్'. వీటిలో సూటమన్ ఎక్కడ? ఆయన లేకుండానే వెర్హూవెన్ ప్రపంచం మొత్తానికీ తెలిసిపోయాడు.

రాత్రిబండి: ఆ మాట నిజమే, దానికి నా దగ్గర జవాబు లేదు. కానీ హాలీవుడ్‌లో అంత ఊపేసి వచ్చినాయన సొంత దేశంలో మళ్ళీ సినిమా తియ్యాలనుకుంటే ఎవరి దగ్గరికి వెళ్ళాడు? 'బ్లాక్ బుక్' ఆలోచన 'సోల్జర్ ఆఫ్ ఆరెంజ్' నాటిది, ఏళ్ళ తరబడి ముడి పడి కూర్చుంది. కథ హీరోది కాదు, హీరోయిన్‌ది చేద్దాం అని ఆ ముడి విప్పింది సూటమన్. అంటే ఇందాక నేను చెప్పిన చాక్లెట్ తినే అమ్మాయి అసలు కథలోకి వచ్చిందే ఆయన వల్ల.

కొత్తపేట: ఇది నాకు తెలీదు. సగం మాత్రం ఇవ్వను, మూడో వంతు తీసుకో 😄