నా కథలో కోటల మధ్య కబురు మోసే మోగుబండ: దెబ్బల్లో మాటలు ఎలా పెట్టాలి?

పెన్నా_ఒడ్డు (జమ్మలమడుగు):
నేనొక ఫాంటసీ నవల రాస్తున్నాను. ఆ లోకంలో గుర్రాల్లేవు, పావురాల్లేవు, రాత్రిపూట బయట మంట వెలిగించకూడదని కట్టుబాటు. గండికోట దగ్గర పెన్నా కొండను కోసిన చోటు చూసి చూసి పుట్టిన లోయ అది, కాకపోతే కొన్ని ఆమడల పొడవు, రెండు గట్ల మీదా కోటలు. కోట నుంచి కోటకు కబురు పోయేది మోగుబండతోనే. తాళ్లతో వేలాడదీసిన పొడవాటి రాతిపలకను చెక్కసుత్తితో కొడతారు. ఆ దెబ్బల్లో మాటలు ఎలా ఇమడాలన్నదే నా టెన్షన్. మోర్స్ కోడ్ తెచ్చి పెట్టడం ఇష్టం లేదు. ఇంకోటి, మంత్రంలా ప్రతిసారీ పనిచేసే వస్తువు నాకొద్దు, ఎక్కడ దెబ్బతింటుందో తెలియాలి.

ఆదోని_పద్యం:
ఛందస్సు వాడండి. నిజంగా చెప్తున్నా, ఇంతకంటే మనదైన కోడ్ ఇంకోటి లేదు. పశ్చిమ, మధ్య ఆఫ్రికాల్లో డప్పు మాట్లాడుతుందంటే అక్కడి చాలా భాషల్లో స్వరం ఎక్కితే ఒక అర్థం, దిగితే ఇంకో అర్థం, ఆ ఎక్కుదిగుళ్లనే డప్పు పలుకుతుంది. తెలుగులో ఆ సంగతి లేదు, కానీ హ్రస్వం దీర్ఘం ఉంది. బండను కొట్టి మోగనిస్తే గురువు, కొట్టిన వెంటనే అరచేత్తో అదిమితే లఘువు. మూడు దెబ్బలకు ఒక గణం, య మ త ర జ భ న స, మొత్తం 8. రెండు గణాలు కలిపితే 64 కబుర్లు, మూడైతే 512. అక్షరం అక్షరం పంపాలని మాత్రం చూడకండి, గుణింతాలూ ఒత్తులూ వచ్చేసరికి కొట్టేవాడి చేతులు పడిపోతాయి. ఏ గణాల జంటకు ఏ కబురో ముందే కట్టిన పట్టిక పెట్టండి, దాన్ని చిన్నప్పటి నుంచి బట్టీ పట్టే వాళ్లుండాలి, 'యమాతారాజభానసలగం' మనం బట్టీ పట్టినట్టు.

తప్పు ఎక్కడ జరుగుతుందో కూడా ఇందులోనే ఉంది. న గణం మూడూ లఘువులే. చివరి దెబ్బను అదమడం ఆలస్యమైతే అది స గణంగా వినిపిస్తుంది. న అంటే 'అంతా క్షేమం', స అంటే 'శత్రువు వచ్చాడు' అనుకోండి, ఒక్క చెయ్యి జారితే సైన్యం కదులుతుంది.

గుత్తి_కోట:
గణాల ఆలోచన నాకు చాలా నచ్చింది. దానికి శబ్దం లెక్క కలుపుతాను. గాలిలో శబ్దం 20 డిగ్రీల దగ్గర సెకనుకు దాదాపు 343 మీటర్లు పోతుంది, అంటే కిలోమీటరుకు మూడు సెకన్లు. ఎదురుగట్టు 170 మీటర్ల దూరంలో ఉంటే మారుమోత ఒక సెకనుకు తిరిగొస్తుంది, అది ఇంకో దెబ్బలా వినిపించి గణం చెడిపోతుంది. కాబట్టి లోయ వెడల్పును బట్టి ప్రతి కోటకూ కొట్టే వేగం వేరుగా ఉండాలి, కొత్తగా వచ్చిన వాడికి ముందు నేర్పేది అదే.

ఇంకా ముఖ్యమైనది వేళ. మన వైపు ఎండాకాలం మధ్యాహ్నం నేల దగ్గర గాలి బాగా కాగుతుంది, వేడిగాలిలో శబ్దం వేగం ఎక్కువ కాబట్టి అది పైకి వంగిపోతుంది, దూరంగా ఉన్నవాడికి అందదు. రాత్రి నేల చల్లబడ్డాక దీనికి తిరగబడి శబ్దం కిందికి వంగుతుంది, అందుకే రాత్రి దూరపు మోతలు స్పష్టంగా వినిపిస్తాయి. మీ శత్రువుకు ఈ సంగతి తెలిస్తే మిట్టమధ్యాహ్నమే దిగుతాడు.

బండను రెండు కొసల్లోనూ కట్టొద్దు. ఒక్కో కొస నుంచి పొడవులో నూటికి 22 వంతుల దూరంలో తాళ్లు వేయాలి, బండ మోగేటప్పుడు కదలని చోట్లు అవే.

బళ్లారి_దారి:
రాయి గురించి ఒక మాట. బళ్లారి దగ్గర కుప్గల్ కొండ మీద కొడితే గంటలా మోగే డోలరైట్ రాళ్లున్నాయి, కొత్తరాతియుగం మనుషులు కొట్టీ కొట్టీ వాటి మీద గుంటలు పడ్డాయి. బెలుం గుహల్లో, రాళ్లను తడితే స్వరాలు పలికే సప్తస్వరాల గుహ అనే చోటు సరేసరి. కాబట్టి పాఠకుడు దీన్ని నమ్ముతాడు, మీరు మంత్రం కలపాల్సిన పనే లేదు. బండలో కంటికి కనిపించని పగులు వస్తే మోత చచ్చిపోతుంది, ఆ పగులు ఎవరైనా కావాలనే పెట్టొచ్చు కూడా.

పెన్నా_ఒడ్డు:
అందరికీ చాలా థ్యాంక్స్. మధ్యాహ్నం దాడి ఖాయం చేసుకున్నా. ఒకటే మిగిలింది, లోయంతా వినిపించే కబురు శత్రువు కూడా వింటాడు కదా?

ఆదోని_పద్యం:
వింటాడు, విననివ్వండి. పట్టికను అమావాస్యకోసారి మార్చేయండి, కొత్త పట్టిక మాత్రం మనిషే నడిచి మోసుకెళ్లాలి, బండ మీద పంపడానికి లేదు. ఆ నడిచే మనిషి దారిలో దొరికిపోతే పాత పట్టిక ఉన్న కోటా కొత్త పట్టిక ఉన్న కోటా ఒకదాని కబురు ఇంకోదానికి అర్థం కాకుండా కొట్టుకుంటూ ఉంటాయి. నేనైతే నవలను అతనితోనే మొదలుపెడతాను.