“ఏఐ చెప్పింది” అంటే ఎవరు చెప్పినట్టు?

సభ్యులకు నమస్కారం. వ్యాకరణం తెలిసినవారు దీని మీద మాట్లాడాలని కోరుతున్నాను.

మనం “పేపరు చెప్పింది” అనం, “పేపర్లో రాశారు” అంటాం. 2014లో హుద్‌హుద్ వచ్చే ముందు విశాఖలో అందరి నోటా ఒకటే మాట: “తుపానొస్తోందని టీవీలో చెప్పేరు.” మా వైపు పలుకుబడి అది. ఆ ‘లో’ ఉండటం వల్ల టీవీ మాట వచ్చిన చోటు మాత్రమే అవుతుంది. చెప్పినవాళ్లు ఎవరో తెలియకపోయినా, క్రియ చివరి ‘రు’లో మనుషులు ఉంటారు. నిజానికి అది ఇక్కడి తుపాను హెచ్చరికల కేంద్రంలో కొందరు లెక్కలు చూసి, బాధ్యతగా చెప్పిన మాటే.

“ఏఐ చెప్పింది”లో ఆ ‘లో’ లేదు, ‘రు’ లేదు. పైగా తెలుగులో స్త్రీకీ వస్తువుకీ ఏకవచనంలో ఒకటే క్రియ కాబట్టి, చెవికి తేడా కూడా తెలియదు. లోన్ ఎందుకు రాలేదని అడిగితే “సిస్టమ్ రిజెక్ట్ చేసిందండీ” అంటారు. లోన్ ఇవ్వడానికి ఎంత క్రెడిట్ స్కోరు ఉండాలో నిర్ణయించినవాళ్లు ఆ వాక్యంలో ఎక్కడున్నారు? ఇక ఎవరిని నిలదీయాలి? నా బాధంతా ఇదే.

సీతమ్మధార నుంచి ఒక సభ్యురాలు:
“చట్టం చెబుతోంది”, “శాస్త్రం చెబుతోంది” అని ఎప్పటినుంచో అంటున్నాం కదండీ. “ఏఐలో రాశారు” అంటే అది అబద్ధమే అవుతుంది. ఆ వాక్యం ఎవరూ రాయలేదు. ఎందరో రాసినవాటితో తయారుచేసిన మోడల్, అంటే ఏఐ వెనకుండే ప్రోగ్రాం, తర్వాత ఏ మాట రావచ్చో లెక్కేసి అప్పటికప్పుడు కూర్చింది.

మొదట అడిగినవారు:
నిజమేనమ్మా, “రాశారు” కుదరదు. కానీ చట్టం చేసిందెవరో తెలుసు, నచ్చకపోతే కోర్టుకెళ్లొచ్చు. యంత్రాన్ని మనిషిలా చూడటం కొత్తేమీ కాదు. 1966లో అమెరికాలోని ఎంఐటీ యూనివర్సిటీలో జోసెఫ్ వైజెన్‌బామ్ అనే కంప్యూటర్ శాస్త్రవేత్త ‘ఎలైజా’ అనే ప్రోగ్రాం గురించి ప్రకటించారు. అది చాలావరకు మనమన్న మాటల్నే తిప్పి ప్రశ్నలుగా అడిగేది. దానితోనే జనం మనసు విప్పి మాట్లాడుతుంటే ఆయన కలవరపడ్డారు. మనుషులు ఆలోచించి తేల్చాల్సినవి యంత్రానికి అప్పగించొద్దని తర్వాత గట్టిగా వాదించారు. 2025 అక్టోబరులో మన విశాఖలోనే గూగుల్ 1500 కోట్ల డాలర్ల ఏఐ కేంద్రం పెడతామంది కాబట్టి, ఈ మాట తేల్చుకోవాల్సిన అవసరం మనకు ఇంకా ఎక్కువ.

సమాచారమైతే “ఏఐలో వచ్చింది” అందాం. నిర్ణయమైతే “ఏఐ చూసి మేనేజరు గారు కాదన్నారు” అని మనిషిని పెట్టే చెప్పాలి. మా వీధిలో ఒక పెద్దావిడ “ఫోన్లో అడిగితే ఇలాగని వచ్చింది” అంటారు. మీ ఇళ్లల్లో పెద్దవాళ్లు ఏమంటున్నారు? రాయలసీమ, తెలంగాణ సభ్యులు కూడా చెప్పండి.