క్లౌడ్ లేకుండా ఫోన్ ఫొటోలన్నీ లాప్‌టాప్‌లోకి ఎలా తీసుకోవాలి?

అందరికీ నమస్కారం. అమ్మ ఆండ్రాయిడ్ ఫోన్‌లో 2019 నుంచి తీసిన ఫొటోలు, వీడియోలు 80 జీబీ దాకా ఉన్నాయి. నాన్నగారి ఆఖరి రోజుల వీడియోలు కూడా వాటిలోనే ఉన్నాయి. అవి పోతే మళ్లీ రావు. ఊళ్లో నెట్ అంతంతమాత్రం, నెలనెలా డబ్బు కట్టి క్లౌడ్‌లో పెట్టడం అమ్మకు ఇష్టం లేదు.

యూఎస్‌బీ కేబుల్ పెట్టి, ఫైల్ ట్రాన్స్‌ఫర్ ఎంచుకుని, కెమెరా ఫొటోలు ఉండే డీసీఐఎం ఫోల్డర్ మొత్తం కాపీ చేశాను. రెండుసార్లూ సగంలో ఆగిపోయింది. ఏవి వచ్చాయో ఏవి రాలేదో తెలియక టెన్షన్‌గా ఉంది. కొంచెం కొంచెంగా చేస్తే వస్తున్నాయి గానీ, కొన్నిటికి కాపీ చేసిన రోజే తేదీగా పడుతోంది. కెమెరా ఫొటోలకైతే తీసిన తేదీ ఫైల్ లోపలే ఉంటుంది కాబట్టి పర్వాలేదు. వాట్సాప్‌లో బంధువులు పంపినవాటికి అదీ ఉండదు, ఫైల్ పేరులోని తేదీయే దిక్కు.

ఏడీబీతో (కంప్యూటర్ నుంచి కమాండ్లతో ఆండ్రాయిడ్ ఫోన్‌లోని ఫైళ్లు తీసే టూల్) తీస్తే తేదీలు మారకుండా ఉంచవచ్చని చదివాను. ఎవరైనా చేసి చూశారా? అన్నీ వచ్చాయో లేదో సరిచూడటానికి ఫైళ్ల లెక్క, సైజు చూస్తే సరిపోతుందా? రెండో కాపీకి పాత హార్డ్ డిస్క్ ఉంది. అది ఫ్యాట్32 అనే పాత ఫార్మాట్‌లో ఉంది, 4 జీబీ దాటిన పెళ్లి వీడియో అందులో పట్టదు, అందుకే పెద్ద ఫైళ్లు పట్టే ఎక్స్‌ఫ్యాట్ ఫార్మాట్‌కి మారుద్దామనుకుంటున్నాను. ఫోన్‌లోంచి ఇంకా ఏదీ డిలీట్ చేయలేదు. దయచేసి తెలిసినవాళ్లు చెప్పండి.