ఎక్స్‌పార్టీ ఇంజంక్షన్‌తో ఇంటి దారి మూసేశారు: ముప్పై రోజుల్లో అదే పోతుందా?

ప్రశ్న (మాధవరం వాసి, చెన్నై)

మా నాన్నగారు 1988లో మాధవరం వైపు ఒక వెనక స్థలం కొని ఇల్లు కట్టారు. ముందు స్థలపు తూర్పు అంచున ఉన్న పదడుగుల బాటలోనే ఇన్నేళ్లూ మా రాకపోకలు సాగాయి. నీళ్ల లారీ అయినా, అమ్మను ఆస్పత్రికి తీసుకువెళ్ళే ఆటో అయినా అటునుంచే రావాలి. ముందు స్థలాన్ని నిరుడు కొన్న పెద్దమనిషి, మేము దావా ఆస్తిలోకి అడుగుపెట్టరాదని, మా వాదన వినకుండానే (ఎక్స్‌పార్టీగా) తాత్కాలిక ఇంజంక్షన్, అంటే కోర్టు నిషేధ ఆదేశం, తెచ్చుకున్నారు. దావాలో బాట ఊసే లేదు, అంతా ఖాళీ స్థలమని రాశారు. మరుసటి రోజే బాటకు అడ్డంగా సిమెంటు బ్లాకులు పేర్చి, ఆర్డరు జిరాక్సును ప్లాస్టిక్ కవరులో పెట్టి బైండింగ్ వైరుతో వాటికి కట్టారు. వెనక మురుగు కాలువ పక్కన మూడడుగుల సందు ఉంది, సైకిలు మాత్రం పడుతుంది. రాత్రికి రాత్రి బ్లాకులు తీసేయమని మా బావమరిది అంటున్నాడు. ముప్పై రోజులు దాటితే ఆర్డరు దానంతటదే పోతుందని ఇంకొకరు అంటున్నారు. ఏది నిజం?

సమాధానం (కోర్టులో పనిచేసి రిటైరైనవాడిని)

బ్లాకుల జోలికి వెళ్ళకండి. ఆర్డరు తప్పని మీకు ఎంత గట్టిగా అనిపించినా, అది అమలులో ఉండగా ధిక్కరిస్తే సివిల్ ప్రొసీజర్ కోడ్ 39వ ఆర్డరు (ఆ కోడ్‌లో అధ్యాయాన్ని ఆర్డరు అంటారు) 2ఎ రూలు కింద ఆస్తి జప్తుకూ, మూడు నెలల వరకు సివిల్ జైలుకూ అవకాశం ఉంది. పైగా, ఇప్పుడు సానుభూతి మీవైపు ఉంది, ఆ ఒక్క రాత్రితో అది అటు పోతుంది.

ముప్పై రోజుల మాట సగమే నిజం. అదే 39వ ఆర్డరు 3ఎ రూలు ప్రకారం ఎక్స్‌పార్టీ ఇంజంక్షన్ ఇచ్చిన కోర్టు ఆ పిటిషన్‌ను ముప్పై రోజుల్లో తేల్చడానికి ప్రయత్నించాలి. అయితే గడువు దాటినంత మాత్రాన ఆర్డరు చావదని, అలాంటప్పుడు నష్టపోయినవారు నేరుగా అప్పీలుకు వెళ్ళవచ్చని సుప్రీంకోర్టు 2000లో, మన మద్రాసు నుంచే వెళ్ళిన వెంకటసుబ్బయ్య నాయుడు కేసులో చెప్పింది.

మీకు అసలు ఆయుధం 4వ రూలు. నోటీసు లేకుండా ఆర్డరు పొందేటప్పుడు వాది ముఖ్యమైన విషయంపై తెలిసి తెలిసి తప్పుడు మాట చెప్పినట్లు తేలితే, న్యాయం దృష్ట్యా కొనసాగించడానికి కారణాలు రాస్తే తప్ప, కోర్టు దానిని రద్దు చేయాల్సిందే. వాడుకలో ఉన్న బాటను ఖాళీ స్థలమని రాయడం సరిగ్గా ఇదే. ఆర్డరు వచ్చిన వెంటనే దావా, అఫిడవిట్, పత్రాల నకళ్ళు మీకు పంపారో లేదో కూడా మీ వకీలు చేత చూపించండి. 3వ రూలు ప్రకారం అది వాది బాధ్యత.

సమాధానం (ఒకసారి ఓడినవాడిని)

అంబత్తూరు వైపు మాకూ ఇలాంటి తగాదా వచ్చింది. మేము చేసిన తప్పు మీరు చేయకండి. మా కౌంటరులో (వాదికి మేమిచ్చిన రాతపూర్వక జవాబులో) ఒక పేరాలో ఆ బాట మాదే అన్నాం, తరువాతి పేరాలో ఇరవై ఏళ్లుగా నడుస్తున్నాం కాబట్టి దారి హక్కు ఉందన్నాం. దారి హక్కు అనేది పరుల భూమి మీద ఉండేది కదా, మీ సొంత భూమి మీద ఎలా అడుగుతారని జడ్జిగారు నవ్వుతూనే అడిగారు. మా వకీలు దగ్గర జవాబు లేదు.

పరుల భూమి మీద ఉండే ఇలాంటి హక్కుల గురించిన 1882 ఈజ్‌మెంట్స్ చట్టం 15వ సెక్షన్ కింద ఇరవై ఏళ్లు బాహాటంగా, హక్కుగా, అంతరాయం లేకుండా వాడి ఉండాలి. ఆ ఇరవై ఏళ్ల కాలం ముగిసే తేదీ దావాకు ముందు రెండేళ్ల లోపల ఉండాలి. అడ్డు పెట్టిన సంగతి తెలిసి ఏడాది ఊరుకుంటే దానిని అంతరాయంగా లెక్కిస్తారు కాబట్టి, బ్లాకుల తేదీని రాసిపెట్టుకోండి. వేరే దారే లేనప్పుడు అవసరం వల్ల వచ్చే హక్కును మాత్రం నమ్ముకోవద్దు. మూడడుగుల సందు ఇరుకైనదే కావచ్చు, కానీ అది వేరే దారి అంటారు.

స్థలం చూసి కోర్టుకు నివేదిక ఇచ్చే అడ్వొకేట్ కమిషనర్‌ను వేయమని అదే కోడ్ 26వ ఆర్డరు 9వ రూలు కింద వెంటనే అడగండి. మా విషయంలో రెండు నెలలు ఆలస్యమై, ఆలోపల అవతలివారు గ్రావెల్ పోసి లారీ చక్రాల జాడలను కప్పేశారు.

సమాధానం (అడ్వొకేట్)

ఒక్క విషయం కలుపుతాను. ఇంజంక్షన్ రద్దయితే మీపై నిషేధం పోతుంది, బ్లాకులు పోవు. వాటిని తీయించాలంటే కౌంటర్‌క్లెయిము (అదే దావాలో మీ తరఫు ఎదురు దావా) వేసి, అందులో మీరూ తాత్కాలిక ఆదేశం కోరాలి. తీసివేయమనే ఆదేశాన్ని కోర్టులు అంత సులభంగా ఇవ్వవు. వివాదం మొదలవక ముందున్న చివరి స్థితికి తిరిగి తేవడం కోసమే ఇస్తాయి. కాబట్టి ఆ స్థితిని చూపే పాత ఫోటోలు, నీళ్ల లారీ రసీదులు వెతకండి.

ప్రశ్న అడిగినవారు

అందరికీ కృతజ్ఞతలు. నిన్న నాన్నగారి బీరువాలో 1988 క్రయపత్రం చూశాను. తమిళంలో ఉన్న షెడ్యూలు చివర, తూర్పు వైపు పది అడుగుల ‘పొదు వళి’ (ఉమ్మడి దారి) వాడుకునే హక్కుతో సహా అని రాసి ఉంది. ఆ రోజుల్లో రెండు స్థలాలూ ఒకే ఆసామివి.

సమాధానం (రిటైరైనవాడిని)

అలాగైతే ఇరవై ఏళ్ల లెక్క రెండో వరుసకు పోతుంది. అమ్మినవారే రాసి ఇచ్చిన హక్కు అది. ఆ పేజీని కౌంటరుకు మొదటి పత్రంగా పెట్టించండి. ముందు స్థలానికి విల్లంగం (ఈసీ, ఎన్‌కంబరెన్స్ సర్టిఫికెట్) తీసి, ఆ ఆసామి తరువాత ఎవరికి అమ్మారో, ఆ పత్రాలలో బాట మాట ఉందో లేదో వాయిదాకు ముందే చూడండి.