కర్ణాటకలోని చన్నపట్నం దగ్గర లక్క బొమ్మల మ్యూజియం: రంగు వెలిసిపోతోంది, బొమ్మలు అంటుకుంటున్నాయి. ఏం చేయాలి?

జయనగర్_తెలుగు:
చన్నపట్నం తాలూకాలో ఒక ఊరివాళ్ళు పాత పట్టెడ (పని చేసే కొట్టు) ఇంట్లోనే రెండు గదుల్లో లక్క బొమ్మల మ్యూజియం పెట్టుకున్నారు. ఆదివారాలు బెంగళూరు నుంచి వెళ్ళి సాయం చేస్తున్నాం. ఏడాది తిరక్కుండానే పసుపు, నారింజ రంగు బొమ్మలు పాలిపోయాయి. ఆకుపచ్చ చిలకలు నీలంగా మారుతున్నాయి. గాజు పెట్టెలో ఆనుకుని ఉన్న గిలక్కాయలు అంటుకుపోయి, విడదీస్తే రంగు పెచ్చు ఊడొచ్చింది. కొన్నిటి అడుగున సన్నటి పొడి రాలుతోంది. లేతు (కర్రని గిర్రున తిప్పి చెక్కే యంత్రం) మీద లక్క పట్టి చూపిద్దామంటే సాపుగా పరుచుకోకుండా ముద్దలు కడుతోంది. కాస్త వివరంగా చెప్పండి.

లక్కపిడత:
ముందు ఆ చిలకల సంగతి. ప్రకృతి రంగుల్లో ఆకుపచ్చంటే నీలిమందు, పసుపు కలిపిందే. వెలుతురుకి పసుపు అసలు నిలవదు, నీలి నిలుస్తుంది. పసుపు పోయాక మిగిలిన నీలమే మీకు కనబడుతోంది. నారింజకి వాడే జాఫ్రా గింజల రంగు కూడా అంతే సున్నితం. పోయిన రంగు తిరిగి రాదండీ, మిగిలింది కాపాడుకోవాలి. కిటికీకి ఎదురుగా ఉన్న పెట్టెలు ఇవాళే జరపండి, మందపాటి కాటన్ తెర వేయండి. బొమ్మ మీద పడే వెలుతురు 50 లక్స్ (వెలుతురు కొలత) దాటకూడదు. ఫోన్ యాప్‌తో కొలిస్తే సుమారుగా తెలుస్తుంది. ఒకే రకానివి రెండుంటే ఒకటి బీరువాలో దాచి, ఆర్నెల్లకోసారి మార్చండి.

అంటుకోవడానికి కారణం వేడి. లక్క కరగాలంటే 70–80 డిగ్రీలు కావాలిగానీ, అంతకు చాలా ముందే మెత్తబడుతుంది. మూసిన గాజు పెట్టెలో పైన హాలోజెన్ దీపం, కింద బరువు ఉంటే ఆనిన చోట పట్టేస్తుంది. దీపం పెట్టె బయట ఉండాలి, అదీ ఎల్ఈడీయే. బొమ్మకీ బొమ్మకీ మధ్య వేలెడు ఎడం వదలండి. ప్లాస్టిక్ కవర్లో చుట్టి దాచొద్దు, ఉతికిన మెత్తటి నూలు గుడ్డ చాలు.

ఇంకొకటి, చాలాచోట్ల పాడుచేసేది శానిటైజరే. స్పిరిట్ తగిలితే లక్క కరిగిపోతుంది. సబ్బునీళ్ళు, సోడా నీళ్ళు కూడా పనికిరావు, తడి గుడ్డతో తుడిస్తే తెల్ల మచ్చ పడుతుంది. పొడి మెత్తని బ్రష్షుతో దులపడం తప్ప ఏమీ చేయొద్దు.

అంకుడుకర్ర:
పొడిని నల్ల కాగితం మీద వేసి చూడండి. టాల్కం పౌడర్‌లా మెత్తగా ఉండి, కర్రకి ఒకటి రెండు మిల్లీమీటర్ల గుండ్రటి కన్నాలుంటే పుచ్చు పురుగు. గసగసాల్లా గింజలు గింజలుగా ఉంటే చెద. కన్నడంలో ఆలె మర అనేదే మన అంకుడు. తెల్లటి, తేలికైన కర్ర, పురుగుకి ఇష్టం. లక్క పట్టిన ఒంటి జోలికి అది మామూలుగా రాదు. లక్క లేని అడుగు భాగం, లోపలి తొర్ర, అతుకు సందులే దానికి దారి. పొడి రాలేవాటిని వేరే గదిలో నల్ల కాగితం మీద విడివిడిగా పెట్టి, శుభ్రంగా దులిపి, వారం తర్వాత చూడండి. కదపకుండానే మళ్ళీ పొడి పడితే పురుగు బతికే ఉన్నట్టు. వాటిని గట్టి కవర్లో కట్టి విడిగా ఉంచి, వస్తువుల సంరక్షణ తెలిసినవాళ్ళకి చూపించండి. పెట్టెల్లో ఉన్నవాటికి అంటకుండా ఈ ఒక్కదానికి కవరు తప్పదు. బజారు మందు కొట్టొద్దు, అందులోని ద్రావకం రంగు తీసేస్తుంది.

తరిమెన:
ముద్దలు కట్టడం గురించి. లక్క కడ్డీని కరిగించేది నిప్పు కాదు, తిరిగే కర్రతో రాపిడి. వేగం చాలకపోతే వేడి పుట్టక లక్క గింజలు గింజలుగా అతుక్కుంటుంది. కడ్డీ అతిగా అదిమితే పొగ వచ్చి రంగు మాడుతుంది. లక్క పట్టే ముందు కర్ర మీది గరుకు కాగితం పొడి, చేతి జిడ్డు పోయేలా, కర్ర తిరుగుతుండగానే పొడిగుడ్డ పట్టండి. రంగు పడ్డాక వెంటనే ముళ్ళు తీసిన ఎండు మొగలి ఆకు మడిచి అదమాలి. ఆ వేడిలోనే లక్క పరుచుకుని మెరుపు వస్తుంది. చల్లారాక ఆకు పెడితే ఎంత రుద్దినా గీతలే.

కర్ర పచ్చిదైతే ఇవేవీ పనిచేయవు. లోపలి తేమ వేడికి ఆవిరై లక్కని బుడగలుగా లేపుతుంది, కొన్నాళ్ళకి పెచ్చులూడుతుంది. బెరడు తీసి నీడలో రెండు మూడు నెలలు ఆరినదే వాడండి. చూసేవాళ్ళు రెండు మీటర్ల దూరంలో కట్టిన తాడు అవతలే ఉండాలి. చున్నీ, చీర కొంగు, వదులు చేతుల చొక్కాతో లేతు దగ్గరికి ఎవర్నీ రానివ్వకండి.

జయనగర్_తెలుగు:
చాలా ఉపయోగం, ధన్యవాదాలు. దీపాలు మారుస్తున్నాం. అరల్లో బొమ్మల వరుస, పక్కన పెట్టే పలకల మీద రాత ఎలా ఉండాలి?

లక్కపిడత:
పూర్తయిన బొమ్మలు వరసగా పెడితే కొట్టులా ఉంటుంది. ఒకే గిలక్కాయని అయిదు దశల్లో చూపించండి: బెరడున్న దుంగ ముక్క, బాడిసతో చెక్కినది, తరిమెన (లేతు) పట్టినది, మొదటి రంగు పడ్డది, మొగలి ఆకు మెరుపుతో. ఇవి కొత్తవి కాబట్టి పిల్లలు చేత్తో తాకేలా విప్పి ఉంచొచ్చు. పక్కనే లక్క కడ్డీ, ఆకు, ఉలులు. టిప్పు సుల్తాన్ పర్షియా నుంచి పనివాళ్ళని రప్పించాడన్న కథని పలక మీద ‘అని చెబుతారు’ అనే రాయండి. మన ఏటికొప్పాక బొమ్మలదీ ఇదే కర్ర, ఇదే లక్క. వాటికి 2017లో జీఐ (ఫలానా ఊరి సరుకని ఇచ్చే గుర్తింపు) వచ్చింది. రెండు ఊళ్ళవీ ఒక అరలో పక్కపక్కన పెడితే, తెలుగువాళ్ళు లక్కపిడతలు గుర్తుపట్టి అక్కడే ఆగుతారు. ఏ బొమ్మ ఏ ఊరిది, ఎవరి చేతి పని, ఏ రంగుతో చేసిందో అడుగున దారంతో కట్టిన చీటీ మీద పెన్సిల్‌తో రాయండి. చీటీ అతికించొద్దు, ఊడదీస్తే లక్క కూడా వస్తుంది.